గుమాస్తా ఇంగ్లీషు – ప్రపంచ కవిత్వం



ప్రత్యేక సంచికకు ఒక వ్యాసం రాయవలసిందిగా మన సంఘం కార్యదర్శి గారు కోరినప్పుడు, డి.ఏ. బకాయిల గురించో, హెల్త్ కార్డుల గురించో రాయాలేమో అనుకున్నాను. ఆ సంగతులు నాకన్న బాగా తెలిసినవారు మనలో ఎందరో ఉన్నారు. పైగా అవి ప్రతి సంచికలోనూ వస్తూనే ఉంటాయి. అందుచేత రిటైరైన తరువాత నాకు పట్టుకున్న ఒక వ్యసనం గురించి రాస్తున్నాను. కంగారు పడకండి, పేకాట కాదు. ఇతర దేశాల కవిత్వాన్ని ఇంగ్లీషు అనువాదాల్లో చదవడం. ఆ కవిత్వం ఇంగ్లీషులోకి ఎట్లా వచ్చింది, ఎవరు తెచ్చారు అని తెలుసుకుంటూ పోతే, అందులో మనబోటి ఉద్యోగుల చెయ్యి చాలా ఉందని తెలిసింది. చివరికి ఆ చరిత్ర నన్ను నా సర్వీసులోని ఒక పాత ఫైలు దగ్గరకు తీసుకుపోయి నిలబెట్టింది. ఆ సంగతి కూడా దాచకుండా చెబుతాను.

ముందుగా నా ఇంగ్లీషు గురించి రెండు మాటలు. నేను 1972లో నీటిపారుదల శాఖ సర్కిల్ ఆఫీసులో ఎల్.డి.సి.గా చేరాను. 2008లో సూపరింటెండెంటుగా పదవీ విరమణ చేశాను. 1966లోనే తెలుగు అధికార భాషా చట్టం వచ్చినా మా ఆఫీసులో ఎస్టిమేట్లు, నోట్లు, ఉత్తరాలు అన్నీ ఇంగ్లీషులోనే నడిచేవి. ‘విత్ రిఫరెన్స్ టు ద లెటర్ సైటెడ్’, ‘సబ్మిటెడ్ ఫర్ ఆర్డర్స్’, ‘ద మేటర్ ఈజ్ అండర్ ఎగ్జామినేషన్’ – ముప్పయ్యారేళ్లు ఈ మాటలే తిప్పి తిప్పి రాశాను. ఆ భాషలో ఒక మనిషి ఏడవవచ్చునని గాని, నవ్వవచ్చునని గాని నాకు తోచలేదు.

రిటైరైన కొత్తలో హైదరాబాదులో మా అబ్బాయి దగ్గర కొన్నాళ్లు ఉన్నాను. ఆదివారం ఆబిడ్స్‌లో ఫుట్‌పాత్ మీద పాత పుస్తకాలు పరుస్తారు గదా, అక్కడ కాలక్షేపానికి తిరుగుతుంటే అట్ట ఊడిన ఒక పుస్తకం దొరికింది. చైనా కవితలకు ఇంగ్లీషు అనువాదం. నలభై రూపాయలిచ్చి తెచ్చుకున్నాను. మా ఇంటావిడ చూసి, “ఇంకా ఆఫీసు ఇంగ్లీషు మీద మోజు తీరలేదా?” అంది. తీరకనే చదివాను. మాటలన్నీ నాకు తెలిసిన చిన్న చిన్న మాటలే. డిక్షనరీ అవసరం పడింది బహు తక్కువ. ఒక ముసలాయన తెల్లబడిన తన జుట్టు గురించి, చనిపోయిన స్నేహితుడి గురించి పక్కన కూర్చుని చెబుతున్నట్టుంది. అక్కడ మొదలైంది నా వ్యసనం. ఆ పుస్తకం సంగతి కాస్సేపట్లో చెబుతాను. అంతకు ముందు, ఇట్లాగే చవక పుస్తకాల్లో దొరికిన మరొక పుస్తకం కథ చెప్పాలి.

పెన్నీ పెట్టెలో దొరికిన ఖయ్యాం

ఉమర్ ఖయ్యాం పేరు మనలో వినని వారుండరు. ఆయన 1048లో పారశీక దేశంలోని నిషాపూరులో పుట్టి 1131లో పోయాడు. తన కాలంలో ఆయనకు గణితంలోనూ, జ్యోతిశ్శాస్త్రంలోనూ పేరు. సుల్తాను మాలిక్ షా కొలువులో పంచాంగాన్ని సంస్కరించిన పండితుల్లో ఒకడు. ఆ పంచాంగం 1079లో అమలులోకి వచ్చింది. ఆయన పేరు మీద ఉన్న రుబాయిలు, అంటే నాలుగేసి పాదాల పద్యాలు, ఏడు వందల ఏళ్లకు పైగా ఇంగ్లీషు వాళ్లకు తెలియవనే చెప్పాలి.

తెలియడానికి కారకుడు ఎడ్వర్డ్ కావెల్ అనే పండితుడు. ఆయన 1852 నుంచి తన మిత్రుడు ఎడ్వర్డ్ ఫిట్జెరాల్డుకు పారశీకం నేర్పించాడు. ఆక్స్‌ఫర్డులోని బోడ్లియన్ లైబ్రరీలో 158 రుబాయిలున్న రాతప్రతి ఒకటి కావెల్ కంటపడింది. దానికి నకలు తీసి మిత్రుడికిచ్చి, 1856లో తాను కలకత్తా ప్రెసిడెన్సీ కాలేజీలో ఉద్యోగానికి ఓడ ఎక్కాడు. కలకత్తాలో ఏషియాటిక్ సొసైటీ లైబ్రరీలో మరో ప్రతి కనిపిస్తే దానికీ నకలు రాయించి ఇంగ్లండుకు పంపించాడు. అంటే ఆ పుస్తకం పుట్టుకలో మన దేశానికి కూడా పాలు ఉందన్న మాట.

ఫిట్జెరాల్డు ఆ రెండు ప్రతులూ ముందు పెట్టుకుని 75 పద్యాలు తయారు చేసి, 1859లో తన పేరు లేకుండా 250 ప్రతులు అచ్చు వేయించాడు. అమ్మింది లండనులోని క్వారిచ్ అనే పుస్తకాల వ్యాపారి. అమ్మింది అనడం మాటవరసకే. కొన్నవాడు లేడు. రెండేళ్లు చూసి చూసి, దుకాణం బయట ఏది తీసుకున్నా ఒక్క పెన్నీ అనే పెట్టెలో పడేశారు. 1861లో విట్లీ స్టోక్స్ అనే ఐరిష్ న్యాయవాది ఆ పెట్టెలో చెయ్యి పెట్టి ఆ పుస్తకాన్ని బయటికి తీశాడు. కవి రోజెట్టికి ఒక ప్రతి ఇచ్చాడు. రోజెట్టి నుంచి కవి స్విన్‌బర్నుకు, అక్కడి నుంచి నలుగురికీ పాకింది.

ఈ స్టోక్స్ గారు మనకు పరాయి మనిషి కాదు. 1862లో న్యాయవాదిగా మద్రాసు వచ్చాడు. వచ్చిన ఏడాదే మద్రాసులో ఆ పుస్తకాన్ని కొద్ది ప్రతులు మళ్లీ అచ్చు వేయించాడు, అసలు అనువాదకుడిని అడక్కుండానే! ఫిట్జెరాల్డు స్వయంగా వేసిన రెండో కూర్పు లండనులో 1868లో గాని రాలేదు. మన తెలుగు జిల్లాలు అప్పుడు మద్రాసు రాజధానిలోనే ఉండేవి గదా. ప్రపంచమంతా చదివిన ఆ పుస్తకం రెండోసారి అచ్చయింది మన రాజధాని నగరంలోనే అన్న సంగతి నాకు డెబ్బయ్యో ఏట తెలిసింది. స్టోక్స్ తరువాత ప్రభుత్వ ఉద్యోగంలో పైకి వచ్చి, 1877 నుంచి 1882 వరకు గవర్నర్ జనరల్ కౌన్సిలులో లా మెంబరుగా ఉన్నాడు. 1882 నాటి సివిల్, క్రిమినల్ ప్రొసీజరు కోడుల తయారీలో ఆయనది ప్రధాన హస్తం. సెక్షన్లు, సబ్ సెక్షన్లు రాసిన చెయ్యే పెన్నీ పెట్టెలోంచి ఖయ్యామును పైకి తీసిందని తెలిస్తే ముచ్చటేయదూ!

ఖయ్యాం తరువాత తెలుగు దాకా వచ్చాడు. నెల్లూరు జిల్లా రైతు కవి, కవికోకిల దువ్వూరి రామిరెడ్డి గారు ఇంగ్లీషుతో తృప్తిపడక పారశీకం నేర్చుకుని ‘పానశాల’ రాశారు. పిఠాపురం కవి ఉమర్ ఆలీషా గారు కూడా పారశీకం నుంచి నేరుగా తెనిగించారు. హరికథా పితామహులు ఆదిభట్ల నారాయణదాసు గారైతే పారశీక మూలాన్నీ, ఫిట్జెరాల్డు ఇంగ్లీషునూ రెండింటినీ పక్కపక్కన పెట్టి, సంస్కృతంలోకీ అచ్చతెనుగులోకీ మార్చారు. మూలానికీ అనువాదానికీ ఎంత దూరమో లోకానికి చూపించాలని ఆయన పట్టుదల. ఆ పట్టుదలలో న్యాయం ఉంది. 1899లో హెరన్ ఆలెన్ అనే ఆయన ఫిట్జెరాల్డు పద్యాలు ఒక్కొక్కటీ తీసుకుని మూలంతో సరిచూశాడు. 101 పద్యాల్లో 49 మాత్రమే ఒక్కో పారశీక పద్యానికి సరిపోయాయి. మరో 44 రెండు మూడు పద్యాలు కలిపి అల్లినవి. మన పరిభాషలో చెప్పాలంటే అది ‘ట్రూ కాపీ’ కాదు. అయినా ఆ కాపీయే లేకపోతే అసలు ఉన్నదని ఎవరికి తెలిసేది? దువ్వూరి వారూ, దాసు గారూ మూలం దాకా పోయింది, ఈ అనువాదం రేపిన ఆసక్తితోనే గదా.

మా శాఖవాడు

ఇప్పుడు చెప్పబోయే కవి మా శాఖవాడు. నిజంగానే. పేరు కాన్‌స్టంటైన్ కవాఫి. గ్రీకు జాతీయుడు. 1863లో ఈజిప్టులోని అలెగ్జాండ్రియా నగరంలో పుట్టాడు. ఉద్యోగం ప్రజా పనుల మంత్రిత్వ శాఖలో, ఇరిగేషన్ థర్డ్ సర్కిల్ ఆఫీసు. ‘సర్కిల్’ అన్న మాట పుస్తకంలో చూసి కళ్లజోడు తుడుచుకుని మళ్లీ చదివాను. నైలు నది నీటి పంపకానికి బ్రిటిష్ ఇంజనీర్లు పెట్టిన పద్ధతీ, మన డెల్టాల్లో పెట్టిన పద్ధతీ ఒక తాను గుడ్డలే. పేర్లు కూడా అవే.

కవాఫి అక్కడ 1892 నుంచి 1922 వరకు ముప్పయ్యేళ్లు గుమాస్తాగిరీ చేశాడు. గ్రీకు పౌరసత్వం తీసుకున్నందువల్ల ఆయనకు పర్మనెంటు పోస్టు రాలేదు. గడువు తీరినప్పుడల్లా పొడిగిస్తూ టెంపరరీగానే ముప్పయ్యేళ్లూ నడిపించారు. చిన్నతనంలో ఇంగ్లండులో కొన్నేళ్లు ఉండడంతో ఇంగ్లీషు బాగా వచ్చు. ఆఫీసులో ఇంగ్లీషు ఉత్తరాలు చూడడం, కిందివారి డ్రాఫ్టులు దిద్దడం ఆయన పని. కామాల విషయంలో మహా పట్టింపు మనిషట. తరచు ఆలస్యంగా వచ్చేవాడట. పని చేస్తున్నట్టు కనబడడానికి బల్ల నిండా కాగితాలు పరిచేవాడని తోటి ఉద్యోగి ఒకాయన తరువాత చెప్పాడు. ఇటువంటివారిని మనం ఎరగమా? తేడా అల్లా, ఆ కాగితాల మధ్య ఆయన గ్రీకులో కవితలు రాసుకునేవాడు.

ఆ కవితలను దుకాణాల్లో అమ్మలేదు. విడి కాగితాల మీద అచ్చు వేయించి, వాటిని గుదిగుచ్చి, తనకు నచ్చిన వాళ్లకు ఇచ్చేవాడు. ఎవరికి ఏ కవితలు ఇచ్చిందీ లెక్క రాసుకునేవాడు. అక్షరాలా మన డిస్పాచ్ రిజిస్టరే! మొదటి ప్రపంచ యుద్ధ కాలంలో రెడ్ క్రాస్ పని మీద అలెగ్జాండ్రియా వచ్చిన ఇంగ్లీషు రచయిత ఇ.ఎం. ఫార్‌స్టరుకు ఆయనతో స్నేహమైంది. ‘ఎ పాసేజ్ టు ఇండియా’ నవల రాసిన ఫార్‌స్టరే ఈయన. 1919లో కవాఫి గురించి లండను పత్రికలో వ్యాసం రాసి, వలసోపౌలో అనే అలెగ్జాండ్రియా గ్రీకు మిత్రుడు చేసిన అనువాదాలను ఇంగ్లీషు పాఠకులకు పరిచయం చేశాడు. కవాఫి 1933 ఏప్రిల్ 29న, అంటే సరిగ్గా తన పుట్టినరోజునే కన్నుమూశాడు. కవితలన్నీ కలిపిన గ్రీకు సంపుటం ఆయన బతికుండగా రానేలేదు, 1935లో వచ్చింది. ఇంగ్లీషులో పూర్తి సంపుటం 1951లో మావ్రోగోర్డాటో అనువాదంగా వచ్చింది. తరువాత మరెందరో అనువదించారు. ఈనాడు ఆధునిక కవుల్లో ఆయన ప్రపంచమంతా తెలిసిన పేరు. థర్డ్ సర్కిల్‌లో ఆయన పై అధికారుల పేర్లు మాత్రం ఎవరికీ గుర్తులేవు.

ఆయన కవితల్లో నగరం, పాత రోజులు, ఓడిపోయిన చిన్న రాజులు, జ్ఞాపకాలు ఉంటాయి. ఆఫీసు ఉండదు. ఆఫీసును ఆయన గుమ్మం బయటే వదిలేశాడు. అది చదివి నాకు కొంత తృప్తి, కొంత అసూయ కలిగాయి. మనమూ కాగితాల మధ్యే ఉన్నాం గాని, కాగితం కింద దాచుకోవడానికి మనకేమీ లేకపోయిందే అనిపించింది. ఆ బాధను మరో కవి మరో విధంగా తిరగరాశాడు. ఆయనే నలభై రూపాయల పుస్తకంలోని చైనా కవి.

మ్యూజియం ఉద్యోగి, చైనా గవర్నరు

చైనా కవిత్వాన్ని మామూలు ఇంగ్లీషు పాఠకుడి చేతికి తెచ్చినవారిలో ముఖ్యుడు ఆర్థర్ వేలీ. 1889లో పుట్టాడు. చదువుకునే రోజుల్లో ఒక కంటి చూపు దెబ్బతినడంతో కేంబ్రిడ్జి వదలవలసి వచ్చింది. 1913లో లండను బ్రిటిష్ మ్యూజియంలో బొమ్మల విభాగంలో అసిస్టెంటుగా చేరాడు. అక్కడ చైనా, జపాను చిత్రాలకు జాబితా తయారు చేయాలి. బొమ్మల మీది రాత చదవడం రాకపోతే జాబితా ఎట్లా? అందుకని తనంతట తానే రెండు భాషలూ పట్టుబట్టి నేర్చుకున్నాడు. ఉద్యోగం కోసం నేర్చిన భాషలో కవిత్వం తగిలింది. 1918లో 170 చైనా కవితల అనువాదం వెలువరించాడు. అంతకు మూడేళ్ల ముందు, 1915లో, ఎజ్రా పౌండ్ అనే అమెరికన్ కవి, ఫెనలోసా అనే పండితుడు వదిలిపోయిన నోట్సు ఆధారంగా కొన్ని చైనా కవితలను ఇంగ్లీషు చేశాడు గాని, ఆయనకు అప్పటికి చైనా భాష రాదు. వేలీ మూలం చదివి చేశాడు. 1966లో చనిపోయేదాకా చైనా, జపాను సాహిత్యాలనే నమ్ముకున్నాడు. వింత ఏమిటంటే ఆయన ఒక్కసారి కూడా ఆసియా ఖండంలో అడుగు పెట్టలేదు.

వేలీకి అందరికన్న ఇష్టమైన కవి బాయ్ జుయీ. పాత ఇంగ్లీషు పుస్తకాల్లో ‘పో చూ ఈ’ అని ఉంటుంది. కాలం 772 నుంచి 846. ఆయన జీవితం చదువుతుంటే ఎవరో పెన్షనరు సర్వీసు రిజిస్టరు తిరగేస్తున్నట్టే ఉంది. 800లో రాజ్యంలోకెల్లా పెద్ద పోటీ పరీక్ష పాసై ఉద్యోగంలో చేరాడు. పేదవాళ్ల కష్టాల మీద, ధర చెల్లించకుండా బొగ్గులమ్ముకునేవాడి బండి లాక్కుపోయే రాజోద్యోగుల మీద కవితలు రాసి పెద్దలకు కంటు అయ్యాడు. 815లో రాజధానిలో ప్రధానమంత్రిని హత్య చేశారు. హంతకులను పట్టుకోవాలని బాయ్ జుయీ చక్రవర్తికి అర్జీ పెట్టాడు. ఆయన మీద మోపిన నేరమేమిటో తెలుసునా? ఆ మాట చెప్పవలసిన అధికారులు వేరే ఉండగా, తన పోస్టుకు సంబంధం లేకపోయినా ముందుగా నోరు విప్పాడని! మన భాషలో ‘త్రూ ప్రాపర్ ఛానల్’ రాలేదని. దూరప్రాంతానికి చిన్న పోస్టులోకి పంపేశారు.

తరువాత మళ్లీ మంచి రోజులు వచ్చి 822లో హాంగ్‌జౌ నగరానికి గవర్నరయ్యాడు. అక్కడి పెద్ద సరస్సు కట్టను బలపరచి, కింది పొలాలకు నీరు నిలవ చేయించాడు. 824లో బదిలీ అయి వెళ్లేముందు, తన తరువాత వచ్చే అధికారికి ఆదేశాలు రాసి రాతి మీద చెక్కించాడు. సరస్సులో నీటిమట్టం ఒక అంగుళం తగ్గితే ఎంత భూమి తడుస్తుందో లెక్క వేసి మరీ రాశాడు. దాంతోపాటు ఇంకో సంగతి రాశాడు. అనావృష్టిలో రైతులు నీళ్లడిగితే గవర్నరు స్వయంగా సంతకం చేసి ఆ రోజే వదిలించాలట. అర్జీ ఆఫీసులోకి పోయి, అక్కడి నుంచి తాలూకాకు, తాలూకా నుంచి గ్రామానికి, గ్రామం నుంచి మనిషికి తాఖీదు పోయేసరికి పది రోజులు దాటుతుందనీ, అప్పుడు నీరు వచ్చినా పైరుకు ఉపయోగం లేదనీ ఆ శాసనం సారాంశం.

ఈ సంగతి చదివిన రాత్రి నాకు నిద్ర పట్టలేదు. ఎందుకో చెబుతాను.

1987 ఖరీఫ్. వానలు మొహం చాటేశాయి. అప్పుడు నేను యు.డి.సి.ని, నీటి అర్జీలు చూసే సీటు నాది. కాలువ చివరి భూముల రైతులు నలుగురు వచ్చారు. వరి పొట్ట మీద ఉంది, పై ఊళ్లవాళ్లు నీళ్లు దిగనివ్వడం లేదు, నాలుగు రోజులు వంతు ఇప్పించండి అని అర్జీ. వారిలో ఒక పెద్దాయన కండువా చేత్తో పట్టుకుని నా బల్ల పక్కనే నిలబడ్డాడు. అర్జీ కింది ఆఫీసుల మీదుగా రాలేదు గనక, నిబంధన ప్రకారం ‘ఫర్ రిమార్క్స్’ అని డివిజనుకు పంపాను. డివిజను నుంచి సబ్ డివిజనుకు, అక్కడి నుంచి సెక్షనుకు పోయి, వచ్చిన దారినే తిరిగి వచ్చింది. పద్దెనిమిది రోజులు. ఆర్డరు తయారైన రోజునే ఆ పెద్దాయన మళ్లీ వచ్చాడు. ఆర్డరు వేశామని సంతోషంగా చెప్పాను. ఆయన కోప్పడలేదు. “ఇక నీళ్లెందుకు బాబూ, గడ్డి కోసేసుకున్నాం” అని, దణ్ణం పెట్టి వెళ్లిపోయాడు.

నాకు మెమో రాలేదు. రావడానికి తప్పేమీ లేదు. నోటు ఫైలు నిబంధనల ప్రకారం శుభ్రంగా ఉంది. ఎల్.డిస్. చేసి రికార్డు రూముకు పంపాను. అర్జీ మీద అర్జెంటు ఫ్లాగు పెట్టి, ఆఫీసరు గారి గదిలోకి వెళ్లి ఒక్క మాట చెబితే ఫోను మీద పని జరిగిపోయేది. ఆయన మంచివారే, వినేవారే. నేను వెళ్లలేదు. నిబంధన నాకు అడ్డు అనుకున్నాను గాని, నిజానికి అది నాకు నీడ. దాని కింద హాయిగా కూర్చున్నాను. ముప్పయ్యేళ్లు ఆ మాట ఎవరికీ చెప్పలేదు. ఎవరూ అడగలేదు. పన్నెండు వందల ఏళ్ల కిందటి చైనా ఉద్యోగి, రెండు భాషలు దాటి వచ్చి అడిగాడు.

బాయ్ జుయీ గురించి ఇంకా రెండు సంగతులు మనవాళ్లకు నచ్చేవి ఉన్నాయి. 842లో ఆయన సగం జీతం పెన్షనుతో విరమించాడు. అంతకు మూడేళ్ల ముందే పక్షవాతం వచ్చి కాలు స్వాధీనం తప్పింది. అయినా ఆ సగం జీతం చాలునని కవితలో రాసుకున్నాడు. రెండోది, 845లో తన రచనలన్నీ, మొత్తం 3,840, 75 సంపుటాలుగా చేర్చి అయిదు ప్రతులు రాయించాడు. మూడు ప్రతులు వేర్వేరు బౌద్ధారామాల్లో భద్రపరిచాడు. ఒకటి తమ్ముడి కొడుకుకు, ఒకటి మనవడికి ఇచ్చాడు. నిప్పు, యుద్ధం, చెదలు – ఏది వచ్చినా ఒక్క ఆఫీసు కాపీ అన్నా మిగలాలని! ఆ జాగ్రత్త వల్లనే, ఆ కాలపు కవుల్లో మరెవ్వరివీ మిగలనన్ని రచనలు ఆయనవి మిగిలాయి. రికార్డు కీపరు విలువ తెలిసిన కవి.

మన కవి, వాళ్ల ఇంగ్లీషు

ఇదంతా చదివి, వాళ్ల కవులే మనకు గొప్ప, మనవాళ్లు వాళ్లకు తెలియరు అని ఎవరన్నా అనుకుంటారేమో. ఫిట్జెరాల్డు ఖయ్యామును అచ్చు వేయించడానికి సరిగ్గా ముప్పయ్యేళ్ల ముందు, 1829లో, మన వేమన పద్యాలు ఇంగ్లీషు అనువాదంతో మద్రాసులో అచ్చయ్యాయి. చేసినవారు చార్లెస్ ఫిలిప్ బ్రౌను. ఆయనా సర్కారు కొలువువాడే. 1820లో కడపలో ఉద్యోగానికి వచ్చి తెలుగు నేర్చుకున్నాడు. సొంత డబ్బు పెట్టి పండితులను నియమించి, తాళపత్రాలు సేకరించి, నకళ్లు రాయించి, పాఠాలు పరిష్కరించాడు. కడపలో ఆయన బంగళా ఉన్న చోటే ఇప్పుడు ఆయన పేరుతో గ్రంథాలయం ఉంది. పండితులు చిన్నచూపు చూస్తున్న వేమనను ఒక ఉద్యోగి తీరిక వేళల్లో లోకానికి చూపించాడు. తరువాతి కాలంలో క్షేత్రయ్య పదాలు 1994లో, మన ప్రాచీన కవిత్వ సంకలనం 2002లో అమెరికాలో ఇంగ్లీషులో వచ్చాయి. రెంటిలోనూ వెల్చేరు నారాయణరావు, డేవిడ్ షుల్‌మన్ గార్ల కృషి ఉంది. మొదటిదానికి ఎ.కె. రామానుజన్ గారు కూడా చెయ్యి కలిపారు. ఏ దేశంలోనో ఒక పెన్షనరు పాత పుస్తకాల్లో వెతుకుతుంటే క్షేత్రయ్య ఆయన చేతికి తగిలి ఉండవచ్చు.

అనువాదంలో పోయేది చాలా ఉంది, కాదనను. వేమన పద్యం ఇంగ్లీషులో చదివితే ఆటవెలది నడక ఉండదు. చైనా కవిత ప్రాస, స్వరం వేలీ ఇంగ్లీషులో ఉండవు. చిక్కేది ఏమిటయ్యా అంటే మనిషి. ఏం చూశాడు, దేనికి బాధపడ్డాడు, ఏ మాట దాచకుండా చెప్పాడు అన్నది ఏరు దాటి వస్తుంది. నాకది చాలు.

మన పిల్లలకు, మనవలకు ఇంగ్లీషు మనకన్న బాగా వచ్చు. అది ఉద్యోగానికి, వీసాకు మాత్రమే కాదని చెప్పవలసిన బాధ్యత మనది. మన సంఘ భవనంలో దినపత్రికల బల్ల పక్కన ఒక చిన్న బీరువా పెడితే, నా దగ్గరున్న పద్నాలుగు అనువాద పుస్తకాలు ఇచ్చేస్తాను. అట్ట ఊడినదానికి అట్ట వేయించాను.

చివరగా ఒక మాట. నేను ప్రతి మంగళవారం మన సంఘం ఆఫీసులో కూర్చుని ఫ్యామిలీ పెన్షను కాగితాలు రాసిపెడుతుంటాను. ఇదివరలో, ఫలానా సర్టిఫికెట్టు లేదమ్మా, ఫలానా ఆఫీసు నుంచి తెచ్చుకుని రండి అని చెప్పి పంపేవాణ్ణి. అది సరైన సలహాయే. ఇప్పుడు గొడుగు తీసుకుని వాళ్లతో పాటు సబ్ ట్రెజరీ దాకా నేనూ వెళుతున్నాను. మోకాళ్ల నొప్పులతో ఎందుకీ తిరుగుడని మా ఇంటావిడ కోప్పడుతుంది. ఆవిడకు ఆ పెద్దాయన మాట ఈ మధ్యనే చెప్పాను. కాస్సేపు ఊరుకుని, “పోనీ, మజ్జిగ తాగి వెళ్లండి” అంది.

ఈ వ్యాసంలో తప్పులుంటే పెద్దలు మన్నింతురు గాక.